అరవై ఒక్క ఓట్లు

గద్వాల నేతవీధిలో భీమమ్మ మగ్గం గుంటలో కాళ్లు పెట్టుకుని కూర్చుని మూడు గంటలైంది. అరికాళ్ల కింద మట్టి ఇంకా చెమ్మగానే ఉంది. పక్కన భర్త కురుమూర్తి అంచు పోగు చుట్టిన నాడెను అటు నుంచి ఇటు అందిస్తున్నాడు.

జితేందర్ చెప్పులు విడవకుండానే లోపలికి వచ్చాడు. నూలూ పట్టూ ఇచ్చి నేయించుకునే షావుకారు. మొన్నటి వార్డు ఎన్నికలో అతని భార్య అర్చన అవతలి పార్టీ రంజిత్ కన్నా తొమ్మిది ఓట్లు వెనకబడింది. మూడో మనిషిగా నిలబడిన భీమమ్మకు పడినవి అరవై ఒకటి. ఈ వీధి బూత్‌లో లెక్క తేలక, ఎల్లుండి అక్కడ మళ్లీ పోలింగు.

"నీ అరవై ఒకటి మావే భీమమ్మా. నడుమ నువ్వు దూరకుంటే గెలుస్తుంటిమి."

"పొద్దుగాల అవతలి పార్టీ రంజిత్ గూడ గదే అన్నడు సేటు. అరవై ఒకటి ఆయనవేనట! ఒక్క ఓటు ఇద్దరిదెట్లయితది?"

కురుమూర్తి నవ్వును దగ్గుగా మార్చుకున్నాడు.

"నకరాలొద్దు. ఉన్నయి రెండు పార్టీలు. గీడనన్న ఉండాలె, ఆడనన్న ఉండాలె."

"రెండంచులుంటే చీరయితదా? నడుమ బట్ట మేమే గదా."

ఆమె గుంట గోడ చూపింది. వానలకు నీళ్లు ఎంతవరకు లేచాయో గుర్తుగా నాలుగు సున్నపు గీతలు. కింది రెండూ ఒక పార్టీ కౌన్సిలరు కాలానివి, పై రెండూ రెండో పార్టీ వారివి. కౌన్సిలర్లు మారినా గీత దిగలేదు. అమ్మవారి కోపమని వీధి అనుకుంది. భీమమ్మ మాత్రం నీటి వెంట నడిచి చూసింది. వాననీళ్లు పోయే మోరీకి అడ్డంగా ఒకవైపు జితేందర్ ఇంటి మెట్లు, మరోవైపు రంజిత్ ఇంటి మెట్లు.

జితేందర్ లైవు పెట్టడానికి ఫోను తీశాడు. "'తప్పుకుంటున్న, అర్చనక్కకు వెయ్యిండ్రి' అను. వీధంత చూస్తది. లేకుంటే మగ్గం మీది నా పడుగు పోగులు కోసుకపోత. మళ్ల నీకు నూలిచ్చేటోడుండడు."

చీర దిగితే నాలుగు వేలు కూలి. ఐదు రోజుల నేత అప్పటికే అయింది.

"అనరాదే, ఒక్క మాటనే గదా," కురుమూర్తి గొణిగాడు.

భీమమ్మ కొంగుతో ముఖం తుడుచుకుని, లైవు మొదలవగానే ఫోనులోకి చూసింది. "నేను భీమమ్మను. తప్పుకోలే. మోరీ సంగతి ఎవలు మాట్లాడుతలేరని నిలవడ్డ. గందుకే జితేందర్ సేటు పడుగు కోస్తనని ఇంటికొచ్చిండు."

జితేందర్ చప్పున ఫోను దించాడు. ఆమె గుంటలోంచి లేచి, కత్తెర అందించింది.

"పడుగు నీది సేటు, కోసుకపో. ఓట్లు నీయి గావు."

గుమ్మంలో లైవు చూసి వచ్చిన పక్కింటి బాలమ్మ, ఆమె వెనక మరో నలుగురు ఆడవాళ్లు నిలబడి ఉన్నారు. వాళ్ల మగ్గాల మీదివీ జితేందర్ పడుగులే; ఇది కోస్తే ఆ ఐదు మగ్గాలూ ఆగేలా ఉన్నాయి. అతను కత్తెర తీసుకుని, బిగిసి ఉన్న పోగుల మీద ఎడమచేయి ఆనించాడు. వెనక్కి తిరిగి చూశాడు. ఎవరూ తొలగలేదు.