వెనక నిలబడేవాడు

బావమరిది బతక కోరతాడు, దాయాది చావ కోరతాడు అని సామెత. సామెతలు కట్టినవాళ్ళు గట్టివాళ్ళే. కానీ అక్కాబావలు విడిపోయాక ఆ బావమరిది ఏం కోరుకోవాలో చెప్పకుండా తెలివిగా తప్పుకున్నారు. ఈ కథలోని మనిషికి అమ్మానాన్నలు పెట్టిన పేరు ఒకటుంది గానీ దానితో మనకు పనిలేదు, బావమరిది అనే పిలుచుకుందాం. ఆ వరస ఇంకా మిగిలి ఉందో, విడాకుల కాగితాలతో పాటే చెల్లిపోయిందో తెలియకనే అతను ఇన్ని నెలలుగా మథనపడుతున్నాడు.

అతను కళ్ళజోళ్ళ దుకాణంలో వెనక గదిలో కళ్ళు పరీక్ష చేస్తాడు. వచ్చినవాళ్ళ ముక్కు మీద బరువైన చట్రం తగిలించి, అందులో ఒక అద్దం తీసి ఇంకో అద్దం పెడుతూ, "ఇప్పుడు బాగుందా, ఇందాకటిదే బాగుందా?" అని పొద్దస్తమానం అడుగుతుంటాడు. కొందరు ఠక్కున చెప్పేస్తారు. కొందరు పిల్లకి సంబంధం చూస్తున్నట్టు నానుస్తారు. "ఏమో బాబూ, రెండూ ఒకేలా ఉన్నాయి" అనేవాళ్ళంటే అతనికి లోపల్లోపల ఒళ్ళు మంట. సెలవు రోజు మధ్యాహ్నం తన ఇంట్లో టీవీ ముందు కూర్చుని, ఎదురుగా ఉన్న బొమ్మల్లో ఒకదాన్ని ఎంచుకోలేక తటపటాయిస్తున్నప్పుడు, ఆ మంటంతా తన మీదకే తిరిగింది.

ఆట పేరు 'ఏడు వాకిళ్ళు', రెండో భాగం. మొదటి భాగమే మనుషుల్ని ఏడిపించింది. ఇది అంతకంటే కఠినమని, మొదటి వాకిలి దాటడానికే చుక్కలు కనిపిస్తాయని అందరూ అంటున్నారు. ఆట మొదలుపెట్టగానే నువ్వెవరివి అని అడుగుతుంది. దాన్నే క్లాసు అంటారు. కత్తివీరుడు ఉన్నాడు, కోపం ఎక్కువ, ఆలోచన తక్కువ. విలుకాడు దూరం నుంచి కొట్టి పారిపోయే రకం. దొంగకి కాళ్ళే ఆస్తి. మంత్రగాడు చెయ్యి ఎత్తి మంత్రం ముగించేలోపు అవతలివాడు వచ్చి పీక పట్టుకుంటాడు. డాలువాడు కొండలా కదలడు, ఎన్ని దెబ్బలైనా తింటాడు. చివర్న తెల్ల అంగీ వేసుకుని వైద్యుడు నిలబడి ఉంటాడు. చేతిలో ఒక కర్ర, అదీ నడవడానికే తప్ప కొట్టడానికి పనికిరాదు. పక్కవాడి ప్రాణం ఎంత మిగిలిందో వాడి తల మీద ఎర్రగీతలాగా కనిపించేది ఆ వైద్యుడికొక్కడికే. ఆ గీత తరిగితే నింపగలిగేదీ అతనే. ఒకసారి ఎంచుకున్నాక మార్చుకోవడం కుదరదు, మొత్తం చెరిపేసి మొదటికి రావాల్సిందే.

మొదటి భాగంలో బావ డాలువాడు, ఇతను వైద్యుడు. అక్క పెళ్ళైన కొత్తలో బావ ఇంటికొస్తే ఇద్దరూ ఎదురెదురుగా కూర్చుని గోడ గడియారం చూసుకునేవారు. బావ లిఫ్టు మెకానిక్. భారీ మనిషి, మాట మాత్రం నాలుక మీద నుంచి కిందికి దిగదు. ఒకరోజు మాటలు అయిపోయి, అసలు మొదలైతే కదా అయిపోవడానికి, ఇద్దరూ ఈ ఆట పెట్టుకున్నారు. ఆ తర్వాత ఎన్ని సెలవులు అలా గడిచాయో లెక్కలేదు. ఎవరింట్లో వాళ్ళు కూర్చుని, ఫోను స్పీకరులో పెట్టుకుని ఆడేవారు.

"వెనకున్నావా డాక్టరూ?" అనేవాడు బావ, వాకిలి తలుపు తోసేముందు.

"ఉన్నా బావా, నువ్వు పద."

ఇంతే. అవతల వంటింట్లోంచి అక్క గొంతు వినపడేది: "చల్లారిపోతోంది!" ఇద్దరూ వినిపించుకునేవారు కాదు. ఆటలో ఒక రహస్య పదం పెట్టుకుంటే, అదే పదం పెట్టుకున్న మనిషి మాత్రమే మనకు దొరుకుతాడు. వాళ్ళు పెట్టుకున్న పదం 'చల్లారిపోతోంది'. అక్కకి ఆ సంగతి ఎప్పుడూ చెప్పలేదు, చెప్తే చీపురు తిరగేసేది.

వాళ్ళ కాపురంలో ఎవరూ ఎవర్నీ కొట్టలేదు, మోసం చెయ్యలేదు. అక్క గలగలా మాట్లాడే మనిషి. బావ ఏమడిగినా "ఏం లేదు" అంటాడు. జ్వరమొచ్చినా ఏం లేదు, ఉద్యోగం ఊగిసలాడినా ఏం లేదు. కొన్నేళ్ళకి అక్క, "గోడతో కాపురం చెయ్యడం నావల్ల కాదు" అని తమ్ముడి ఇంటికొచ్చేసింది. సామాను దించే రోజు బావ కూడా ఓ చెయ్యి వేశాడు. ఊళ్ళో అందరి లిఫ్టులూ బాగుచేసే మనిషి ఉండే మేడకి లిఫ్టు లేదు. బీరువా దించుతుంటే బరువంతా పడే కింది వైపు బావ పట్టుకున్నాడు, పైవైపు ఇతను. "మెల్లగా, మలుపుంది" అన్నాడు బావ. వాళ్ళిద్దరి మధ్యా ఆఖరి మాట అదే. బండి కదిలాక వెనక్కి చూస్తే, బావ గుమ్మంలో నిలబడి బీరువా ఒరుసుకున్న మోచేతిని లాల్చీ చేతితో కప్పుకుంటున్నాడు.

తర్వాత ఫోను లేదు. ఇతను చేస్తే అక్కకి వెన్నుపోటు పొడిచినట్టు. ఆయన చేస్తే ఏ వరసన చేసినట్టు? అక్క మాట్లాడొద్దని అనలేదు. అని ఉంటే బాగుండేది, ఎదురు తిరగడానికైనా సందు దొరికేది. ఏమీ అనకపోవడంతో నోరు కుట్టేసినట్టైంది. రెండో భాగం వస్తుందని తెలిసిన రోజున బావా ఇతనూ కలిసి చెరొకటి ముందే కొనుక్కున్నారు. అది ఇంటికొచ్చేసరికి కాపురం లేదు. కవరు కూడా చింపకుండా టీవీ కింద పడేశాడు, ఇవాళే బయటికి తీశాడు. దుకాణంలో కళ్ళజోడు చట్రాలు తుడుస్తూ, వంద మందితో మాట్లాడుతూ కూడా ఒంటరిగా ఉండొచ్చని అతనికి ఈ మధ్యే తెలిసింది.

అక్క వెనకాల బల్ల దగ్గర ఇస్త్రీ చేస్తోంది. ఇద్దరి బట్టలూ తనే చేస్తుంది, వద్దంటే వినదు.

"ఒరేయ్, తెగతెంపులైంది నాకా, నీకా? అస్తమానం మొహం నువ్వు వేలాడేసుకుంటావేం?" అంది.

"ఏం లేదు."

"ఆ మాట అనకు. ఆ మాటకే ఇల్లు వదిలొచ్చాను." ఇస్త్రీపెట్టె ఆపి తెర వైపు చూసింది. "ఏంటా బొమ్మలు? వాళ్ళలో ఎవరో ఒకడివి కావాలా నువ్వు?"

"అవునక్కా. నేనెప్పుడూ ఆ చివరివాడిని."

"వాడేం చేస్తాడు?"

"పక్కవాడికి దెబ్బ తగిలితే నయం చేస్తాడు."

"పక్కన ఎవరున్నారని?" అంది అక్క, మామూలుగానే. అనేశాక చొక్కా కాలరు మీద అవసరం లేకపోయినా ఇంకోసారి పెట్టె నడిపింది.

న్యాయమైన ప్రశ్నే. ఒంటిగా ఆడేవాడు వైద్యుడిని ఎంచుకోవడం, ఒక్కడే ఉన్న ఇంట్లో పదిమందికి విస్తరి వేసినట్టు. అతను డాలువాడి మీద నొక్కేశాడు. ఇక బావ రాడని ఒప్పుకున్నట్టే కదా అది.

మొదటి వాకిలి దగ్గర కాపలావాడు మనిషికి నాలుగింతలున్నాడు, చేతిలో సమ్మెట. డాలువాడు చేతిలో ఉన్నాడు కాబట్టి నిలదొక్కుకోవచ్చు. కానీ బావమరిది చేస్తున్నదేమిటంటే, తలుపు తీసి లోపలికి వెళ్ళగానే ఓ నాలుగడుగులు వెనక్కి వేసి ఆగుతున్నాడు. ముందు ఎవరో వెళ్తారన్నట్టు. కాపలావాడు తీరిగ్గా నడిచొచ్చి ఒక్క దెబ్బ వేస్తున్నాడు. చచ్చి మళ్ళీ లేచాడు, మళ్ళీ లోపలికెళ్ళి మళ్ళీ నాలుగడుగులు వెనక్కి. మనసు ముందుకెళ్ళమంటోంది, వేళ్ళు వినట్లేదు. ఎన్నేళ్ళో ఒకరి వీపు చూసి ఆడిన చేతులు అవి. ముందు ఎవరూ లేకపోయినా ఆ చోటు వదిలిపెట్టే నిలబడుతున్నాయి.

ఆ ఖాళీ చోటు తెర మీద చూసేసరికి అతనికి బావ మీద బెంగ పొంగుకొచ్చింది. అక్కకి మొగుడు పోయాడు, నిజమే. తనకి పోయింది స్నేహితుడు. దాని గురించి పలకరించడానికి చుట్టాల్లో ఒక్కరూ రాలేదు, రావాలని ఎవరికీ తోచదు కూడా.

డాలువాడిని చెరిపేశాడు. తెల్ల అంగీవాడిని ఎంచుకున్నాడు. రహస్య పదం దగ్గర ఆగి, వెనక్కి తిరిగి అక్కని చూసి, ఆమె దిండు గలీబుతో కుస్తీ పడుతోందని నిర్ధారించుకుని, 'చల్లారిపోతోంది' అని కొట్టాడు. ఇది ఫోను కాదు కదా, పలకరింపు కాదు కదా అని తనకి తానే సర్ది చెప్పుకున్నాడు. దొంగకి దారి చూపినట్టే ఉంది ఆ సర్దుబాటు.

వాకిలి బయట నేల మీద ఒక గుర్తు వెలుగుతోంది.

ఎవరైనా సాయానికి సిద్ధంగా ఉంటే అలా గుర్తు వదిలి కాచుకుంటారు. ఆ పదం పెట్టుకునే మనిషి ప్రపంచంలో ఇంకొకడు ఉండడు. బావమరిది పక్కనున్న, సాయానికి పిలిచే గంట కొట్టాడు. గుర్తులోంచి మనిషి లేచి నిలబడ్డాడు. డాలు లేదు, కవచం లేదు. తెల్ల అంగీ, చేతిలో పనికిరాని కర్ర.

బావ కూడా వైద్యుణ్ణే ఎంచుకున్నాడు.

ఆటలో మాట ఉండదు, సైగలే. ఫోను కలిపితే తప్ప ఎందుకని అడగడానికి వీల్లేదు. ఇద్దరు వైద్యులు ఒకరినొకరు చూసుకుంటూ నిలబడ్డారు, వెనకటికి ఎదురెదురుగా కూర్చుని గడియారం చూసుకున్నట్టే. తర్వాత బావ తలుపు తోశాడు. బావమరిది అలవాటుగా నాలుగడుగులు వెనక్కి వేశాడు. బావ అలవాటుగా ముందుకెళ్ళి నిలబడ్డాడు. సమ్మెట ఊగి, దాని కొస ఇతనికే తగిలింది. కిందపడి లేచేలోపు, తన ఒంటి మీద తెల్లటి వెలుగు పడింది. తరిగిన ప్రాణం నిండుతోంది. ఇన్నేళ్ళ ఆటలో అతనికి ఒకరు వైద్యం చెయ్యడం ఇదే మొదటిసారి. అంటే ఇవాళ బావకి తన గీత కనిపిస్తోంది. వెనక్కి తిరిగి చూడని మనిషి ఇప్పుడు చూస్తున్నాడు. బావమరిదికి కళ్ళు చెమర్చి తెర మసకబారింది. ఏ అద్దం వేసినా బాగుపడే మసక కాదది.

"ఎవర్రా ఆ రెండోవాడు?" అంది అక్క.

"ఎవరో. ఆటలో అలా దొరుకుతుంటారు." అబద్ధమాడితే చిన్నప్పటి నుంచీ అతని చెవులు ఎర్రబడతాయి, అది అక్కకి తెలుసు.

తెర మీద రెండోవాడు దెబ్బ తిని పడ్డాడు. లేచాడు. మళ్ళీ వెళ్ళి కాపలావాడి ముందే నిలబడ్డాడు.

"డాలేదీ వాడికి?"

"వైద్యుడికి డాలుండదక్కా."

"లేనివాడు ముందుకెళ్తాడేం?"

అక్క ఇస్త్రీపెట్టె చేత్తో పట్టుకునే రెండడుగులు దగ్గరకొచ్చింది. చాలాసేపు చూసింది.

"దెబ్బ మీద దెబ్బ తిని, మళ్ళీ వెళ్ళి అక్కడే నిలబడి, అడిగితే ఏం లేదనే మనిషిని ఒకే ఒక్కణ్ణి ఎరుగుదును నేను" అంది.

అతను తల దించుకున్నాడు. ఇక తిట్లే మిగిలాయనుకున్నాడు.

"వాడి తల మీద ఆ ఎర్రగీతేంటి?"

"ప్రాణం. ఎంత మిగిలిందో చూపిస్తుంది."

"అది నీకు కనపడుతుందా?"

"ఊఁ. వైద్యుడికి కనపడుతుంది."

"మొదట్నుంచీ కనపడేదా?"

"మొదట్నుంచీ."

"అదృష్టవంతుడివి. నాకెప్పుడూ కనపళ్ళేదు" అంది అక్క. వెళ్ళి బల్ల దగ్గర నిలబడి, తెర వైపు వీపు పెట్టుకుని, ఇస్త్రీ చేసిన చొక్కానే మళ్ళీ పరిచింది.

కాపలావాడు సమ్మెట మళ్ళీ ఎత్తుతున్నాడు. బావ గీత అట్టడుగుకి వచ్చింది. బావమరిది వేలు బొత్తాం మీదే ఉంది, అక్క ముందు నొక్కడానికి మనసు రావడం లేదు.

"సగం కూడా లేదు కదరా వాడికి" అంది అక్క, పూర్తిగా వెనక్కి తిరగకుండా భుజం మీంచి ఓ చూపు చూసి. "చూస్తూ కూర్చున్నావేం? నింపు."