సువార్తమ్మ రాయి

"మా ఆవిడ గీతలు గీస్తుంది లెండి, చెక్కేది మాత్రం నేనే."

షాపుకు ఎవరొచ్చినా మార్కు ఈ మాట అనకుండా ఉండడు. గొప్పకు పోయి అనడు. సమాధి రాయి చేయించుకోవడానికి వచ్చినవాళ్ళు ఆడమనిషిని చూసి ఎక్కడ కంగారు పడతారోనని ధైర్యం చెబుతున్నట్టు అంటాడు. నల్లరాయి మీద తెల్ల పెన్సిలుతో పోయినవాళ్ళ పేర్లు రాసుకునే జాస్మిన్ పద్దెనిమిదేళ్ళుగా ఆ మాట వింటోంది. ఏనాడూ తలెత్తి చూడలేదు.

చీమకుర్తి రోడ్డు పక్కన రేకుల షెడ్డు వాళ్ళది. ఒంగోల్లో కంప్యూటర్లు పెట్టి అక్షరాలు కొట్టే షాపులు వచ్చేశాయి. అయినా చుట్టుపక్కల చర్చిల వాళ్ళు చేతి అక్షరాలే కావాలని ఇక్కడికే వస్తారు. జాస్మిన్ పొద్దున్నే వంట చేసి, కోత మిషనుకు నీళ్ళు మోసి, రాతిపొడి ఊడ్చి, పలకలకు మెరుగుపెట్టి, ఆ తర్వాతే పెన్సిలు పడుతుంది. ఇన్ని పనులకు పనికొచ్చిన చెయ్యి ఒక్క ఉలికి మాత్రం పనికిరాదట. పెళ్ళైన కొత్తలో అడిగితే, "బరువే, చెయ్యి నొప్పెడుతుంది" అన్నాడు మార్కు. పాపం, ప్రేమగానే అన్నాడు. అప్పుడామె రెండు చేతుల్లో రెండు బకెట్ల నీళ్ళున్నాయి. పక్కనే ఉన్న మామగారు యలమంద, ఆడది ఉలి పట్టుకుంటే చూసేవాళ్ళకు బాగుండదని తేల్చేశాడు. ఇక అత్త సువార్తమ్మ సంగతి చెప్పనక్కర్లేదు. మిరపచేలల్లో కాయలు కోసి కోసి మాట కూడా ఘాటెక్కిన మనిషి. "గీతలు గీసుకుంటే కడుపు నిండుద్దా?" అనేది.

చెయ్యి నొప్పి, చూసేవాళ్ళ బాగు, వీటన్నిటికీ జాస్మిన్ ఎప్పుడో అలవాటు పడిపోయింది. అలవాటు కానిది ఒక్కటే. తను పేరు రాసేటప్పుడు ప్రతి అక్షరానికీ ఒక వంపు ఇస్తుంది. పోయింది ముసలమ్మ అయితే ఒకలాగా, పసిబిడ్డ అయితే ఇంకొకలాగా. పసిబిడ్డ పేరు రాయడానికి ఒక్కోసారి సగం పూట పట్టేది. సాయంత్రానికి మార్కు దాన్ని గబగబా చెక్కేసేవాడు. వంపులు మొద్దుబారేవి, కొసలు తెగిపోయేవి. తెల్లరంగు పూసి రాయి లారీ ఎక్కిస్తుంటే ఆమె అటు చూసేది కాదు. బాగా రాలేదని చెబితే ఆయన నొచ్చుకుంటాడు. చెప్పకపోతే తను నొచ్చుకుంటుంది. ఇంట్లో ఎవరో ఒకరు నొచ్చుకోక తప్పనప్పుడు ఆ వంతు ఎవరిదో వేరే చెప్పాలా?

కిందటేడు హైస్కూలు నుంచి బిందుమాధవి అని డ్రాయింగు టీచరు నేమ్ బోర్డు కోసం వచ్చింది. పెన్సిలు అక్షరాలు చూసి, చెక్కిన అక్షరాలు చూసి, రెంటి మధ్య తేడా చూసి వెళ్ళిపోయింది. తర్వాతి ఆదివారం మధ్యాహ్నం ఒక లావుపాటి ఇంగ్లీషు బొమ్మల పుస్తకం పట్టుకుని వచ్చింది. కిందటి శతాబ్దపు బ్రిటిషు చిత్రకారుల, శిల్పుల పుస్తకమది. అప్పటినుంచి ప్రతి ఆదివారం ఆమె చదివి చెప్పడం, జాస్మిన్ మిరపకాయల తొడిమలు తీస్తూ వినడం. తమ్ముడి పేరు దేశమంతా మోగిపోతుంటే, ఒంటరి ఆడవాళ్ళను నెమ్మదిగా వేసుకుంటూ బతికిన గ్వెన్ జాన్ కథ విన్నారు. బొగ్గుగని కార్మికుడి కొడుకు హెన్రీ మూర్ కథ విన్నారు. ఆయనతో కలిసి చదువుకున్న బార్బరా హెప్‌వర్త్ దగ్గరికొచ్చేసరికి జాస్మిన్ చేతిలో మిరపకాయ చేతిలోనే ఉండిపోయింది.

ఆ పేజీలో ఉన్న ఫోటోలో ఒక ఆడమనిషి ఉలీ సుత్తీ పట్టుకుని రాయి ముందు నిలబడి ఉంది.

హెప్‌వర్త్‌కు ఒకే కాన్పులో ముగ్గురు బిడ్డలు, అంతకుముందే ఒక కొడుకు. యుద్ధం రోజుల్లో పగలంతా ఇంటిపనీ పిల్లలూ కూరగాయల పెంపకంతోనే సరిపోయి, బొమ్మలకు రాత్రుళ్ళు మాత్రమే మిగిలేవట. "ఆ ముగ్గురికీ నీళ్ళు ఎవరు పోసేవాళ్ళు మేడం?" అని అడిగింది జాస్మిన్. రోజూ నీళ్ళు మోసే మనిషి కదా, ముందు అదే తోచింది. ఆ శిల్పి చెక్కిన రాళ్ళకు నడిమధ్యన గుండ్రటి రంధ్రాలు ఉన్నాయి. అటుగా వచ్చిన మార్కు తొంగిచూసి, ఇంత పెద్ద బొక్క పడ్డ రాయిని మన దగ్గరైతే వేస్టు కింద పారేస్తారని జాలిపడ్డాడు. ఆడవాళ్ళిద్దరూ పడీ పడీ నవ్వారు.

నవ్వు ఆగాక బిందుమాధవి ఇంకో సంగతి చెప్పింది. అంతకుముందు చాలామంది శిల్పులు మట్టితో నమూనా చేసి ఇచ్చేవాళ్ళు, రాయి కొట్టడం పనివాళ్ళ వంతు. హెప్‌వర్త్ కాలం వాళ్ళు ఆ పద్ధతి కాదన్నారు. మనసులో అనుకున్న చెయ్యే ఉలి పట్టాలి, అప్పుడే ఆ రూపం రాయిలోకి దిగుతుందన్నారు. హెప్‌వర్త్ పెద్దకొడుకు విమాన ప్రమాదంలో పోతే, ఆ తల్లి తన ఊరి చర్చి కోసం తల్లీబిడ్డల రాతిబొమ్మ చెక్కిందట.

"తనే చెక్కిందా?"

అడిగింది సువార్తమ్మ. మూల మంచం మీద నిద్రపోతోందనుకున్న మనిషి లేచి కూర్చుని ఉంది. అవునంది బిందుమాధవి. ముసలావిడ మళ్ళీ పడుకుంది. వారం తర్వాత, అన్నం తింటున్న కొడుకుతో, "నా రాయి జాస్మిన్ చెక్కాలి. అదీ నేనుండగానే," అంది.

మార్కు ముద్ద కంచంలో పెట్టేశాడు. బతికున్న మనిషికి రాయేంటన్నాడు. కొడుకుండగా కోడలు చెక్కితే జనం ఏమనుకుంటారన్నాడు. "జనం వచ్చి నా పక్కన పడుకుంటారా?" అంది సువార్తమ్మ. తర్వాత గొంతు తగ్గించి కోడలి వైపు తిరిగింది. "నాకు చదువు రాదు. కళ్ళున్నాయి. మీ మామ పోయాక ఆయన పేరు నువ్వు రాసినప్పుడు మనిషి ఎదురుగా నిలబడ్డట్టుందే. వీడు చెక్కాక మనిషి పోయాడు, పేరు మిగిలింది. ఆ రోజే చెబుదామనుకున్నా, నోరు రాలేదు."

పద్దెనిమిదేళ్ళలో ఆ తేడా ఇంట్లో ఒక మనిషి చూసిందని జాస్మిన్ ఎరగదు. వంటగదిలోకి వెళ్ళి, పొయ్యి మీద ఏమీ లేకపోయినా అక్కడే నిలబడి, తనివితీరా ఏడ్చింది.

సోమవారం మొదలుపెట్టింది. వారం రోజులు పనికిరాని రాతిముక్కల మీద చెయ్యి తిప్పుకుంది. వేళ్ళు బొబ్బలెక్కాయి. మార్కు వద్దనలేదు, దగ్గరికీ రాలేదు. తర్వాత మంచి పలక మీద అత్త పేరు రాసుకుంది. పేరు ఒక్కటే. ఫలానా వాళ్ళ భార్య అనే మాట వద్దని ముసలావిడే చెప్పింది. మొదటి అక్షరం 'సు' దాదాపు పూర్తయ్యేసరికి సాయంత్రమైంది. చివరి కొమ్ము దగ్గర ఒక్క దెబ్బ గట్టిగా పడింది. గోరంత పెచ్చు లేచిపోయింది.

సుత్తి చప్పుడు ఆగేసరికి మార్కు వచ్చాడు. కోప్పడతాడనుకుంది. కోప్పడలేదు. ఎగతాళి చేస్తాడనుకుంది. అదీ చెయ్యలేదు. పక్కన గొంతుక్కూర్చుని, బొబ్బలెక్కిన ఆమె వేళ్ళు చూసి, ఉలి కోసం చెయ్యి చాపాడు.

"ఇటివ్వు జాస్మినూ. అవతల ఇంకో పలకుంది. నువ్వు రాసివ్వు, నేను చెక్కేస్తా. నువ్వే చెక్కావని చెబుదాంలే అమ్మకి."

ఎంత మెత్తగా అన్నాడో! జాస్మిన్‌కు ఆ మాటకు లొంగిపోవాలనే అనిపించింది. ఒళ్ళు నొప్పులు, రేపటి వంట, ఎండబెట్టాల్సిన మిరపకాయలు, అన్నీ ఇచ్చెయ్యమనే అంటున్నాయి. ఉలి సగం చాపి, ఇంకోసారి రాయి వైపు చూసింది. పెచ్చు లేచిన మాట నిజమే. ఆ పైన మాత్రం వంపు వంపుగానే ఉంది. పెన్సిలుతో ఎలా తిప్పిందో అలా, మొద్దుబారకుండా రాయిలోకి దిగి ఉంది. తన గీత అలా నిలబడగా చూడడం ఆమెకు ఇదే మొదలు.

ఉలి వెనక్కి తీసుకుంది.

"వద్దండి. పాడుచేసింది నేనే, ఒప్పుకుంటాను. రేపటినుంచి నేను రాసిన పేర్లన్నీ నేనే చెక్కుతాను. నీళ్ళు మీరు మొయ్యండి."

జాస్మిన్ అదే పలక మీద రాతిపొడి ఊది, రెండో అక్షరం మీద ఉలి ఆనించింది.