విజిల్ మోగకముందే ఎత్తిన చెయ్యి

ఫుట్‌బాల్లో డిఫెండర్ బతుకంత అన్యాయపు బతుకు ఇంకోటి లేదండీ. గోల్ కొట్టినవాణ్ణి భుజాల మీద ఊరేగిస్తారు. తొంభై నిమిషాలు గోల్ పడకుండా ఆపినవాడి పేరు మర్నాడు పేపర్లో భూతద్దం పెట్టి వెతికినా దొరకదు. అదే ఒక్క పొరపాటు చేశాడా, ఫొటోతో సహా మొదటి పేజీకి ఎక్కిస్తారు. గడియకి సరిగ్గా అదే జరిగింది.

గడియ అతని అసలు పేరు కాదు లెండి. చేపల కోల్డ్ స్టోరేజీలో తోటి హమాలీలు పెట్టిన పేరు. ఇరవయ్యేళ్ళప్పుడు ఓ సంచీతో, ఆ భాషలో నాలుగు ముక్కలతో ఆ దేశంలో దిగి, మంచుపెట్టెలు మోసే పనిలో చేరాడు. సెలవురోజున గోదాము వెనక ఆడుతుంటే అతన్ని దాటి బంతి పోయేది కాదు, తలుపుకి గడియ వేసినట్టే. అది చూసి గోదాము మేస్త్రీ అతనికి పొద్దుటి షిఫ్టు మార్పించాడు, బూట్లు కొనిపెట్టాడు, క్లబ్బువాళ్ళ దగ్గరికి స్వయంగా వెంటబెట్టుకెళ్ళాడు. దాంతో గడియ దశ తిరిగింది. పద్నాలుగేళ్ళు గడిచేసరికి ఆ దేశపు పౌరుడై, ఆ దేశపు జెర్సీతో నలభై మ్యాచ్‌లు ఆడేశాడు.

నలభై ఒకటోది మొన్న శుక్రవారం జరిగింది. ఓడిపోకుండా ఉంటే చాలు, ఇరవయ్యేళ్ళ తర్వాత ఆ దేశం పెద్ద టోర్నమెంటుకి వెళ్తుంది. ఇంకో నిమిషంలో ఆట అయిపోతుందనగా అవతలివాడు గోల్ వైపు దూసుకొచ్చాడు. ఆఫ్‌సైడని గడియకి గట్టి నమ్మకం, అంటే బంతి తన్నేసరికే వాడు తనని దాటి గోల్ వైపు ఉన్నాడని. చెయ్యెత్తి, గీత దగ్గరున్న రిఫరీ వైపు చూస్తూ ఆగిపోయాడు. డిఫెండర్లందరికీ ఉన్న జబ్బే అది! జెండా లేవలేదు, విజిల్ మోగలేదు. బంతి మాత్రం గోల్లోకి వెళ్ళిపోయింది.

పేపర్లవాళ్ళు దుమ్మెత్తిపోశారు. అది అతను పెద్దగా పట్టించుకోలేదు. అతని గుండెల్లో రాయి పడింది ఆదివారం భోజనానికి రమ్మని మేస్త్రీ ఇంటినుంచి ఫోనొచ్చినప్పుడు.

"అక్కడ తిట్టరేమోనని భయంగా ఉందే," అన్నాడు భార్యతో.

"తిడతారని భయపడేవాళ్ళని చూశాను గానీ, ఇదేం చోద్యమండీ!"

చోద్యమే. కానీ మేస్త్రీకి ఇద్దరు కొడుకులు. గేటు వెయ్యకపోయినా, మెట్ల మీద చెప్పులు విడిచినా వాళ్ళ దుంప తెంచేవాడు. గడియని మాత్రం ఇన్నేళ్ళలో పల్లెత్తు మాట అనలేదు. మంచి కుర్చీ అతనిదే, మొదటి వడ్డన అతనికే. చుట్టానికి చేసినట్టు చేసే ఆ మర్యాద అతనికి లోపలెక్కడో గుచ్చుకునేది. ఇవాళ కూడా మేస్త్రీ "ఫరవాలేదు బాబూ, మాకోసం చాలా చేశారు" అన్నాడో, ఇక అంతే. బంతి ఆపినన్నాళ్ళే తనవాడు, ఆపలేనినాడు పరాయివాడు. అన్నం పెట్టి, గుమ్మందాకా వచ్చి సాగనంపడమే మిగులుతుంది.

మూడో అంతస్తులో ఇరుకు ఇల్లు. గడియ, అతని భార్య వెళ్ళేసరికి కొడుకులిద్దరూ తలుపు తీసి, అతని మొహం చూడకుండా పక్కకి తప్పుకున్నారు. "రండి, కూర్చోండి," అన్నాడు మేస్త్రీ. అదే మంచి కుర్చీ. "ముందు వాళ్ళకి వడ్డించు," అన్నాడు భార్యతో. గడియ అన్నం కలుపుతూనే ఉన్నాడు, ముద్ద ఎత్తలేదు.

"మేస్త్రీగారూ, నన్ను క్షమించండి," అన్నాడు చివరికి. "మీ దేశానికి నావల్ల..."

కూర వేసుకుంటున్న మేస్త్రీ చేతిలో గరిటె బల్ల మీద ఠంగుమంది.

"ఎవరి దేశంరా? పద్నాలుగేళ్ళు ఈ ఊరి నీళ్ళు తాగి ఎవరి దేశం అంటున్నావ్? అసలు విజిల్ మోగిందా? మోగకుండా చెయ్యెందుకెత్తావురా దరిద్రుడా, బస్సు ఆపుతున్నావా? పెట్టె అందించేటప్పుడు ఏం నేర్పాను నీకు? అవతలివాడు పట్టుకున్నానని అనేదాకా వదలొద్దని నేర్పానా లేదా? ఇరవయ్యేళ్ళు కాచుకు కూర్చున్నానురా! మళ్ళీ అలాంటి రోజు చూడ్డానికి నేనుంటానో పోతానో!"

"అయ్యో, తినేవాడినలా తిట్టొచ్చా?" అంది మేస్త్రీ భార్య.

"తిననీ. తింటూనే వింటాడు, చెవులేం మూసుకుపోలేదుగా!"

పెద్దకొడుకు వంగి గడియ చెవిలో, "ఇన్నాళ్ళకి మా బరువు సగం పంచుకున్నావు, నీ పుణ్యాన మాకు కాస్త ఊపిరాడుతుంది," అన్నాడు. చిన్నవాడు కిసుక్కున నవ్వాడు.

గడియ కళ్ళు నిండిపోయాయి. ఎందుకో మేస్త్రీకి తెలియదు. గడియ భార్యకి తెలుసు, అందుకే తలొంచుకుని కూర కలుపుకుంటోంది. గడియకి ఈ ఊళ్ళో ఉద్యోగమిచ్చారు, బూట్లిచ్చారు, జెర్సీ ఇచ్చారు. అన్నిటికీ చేతులెత్తి దణ్ణం పెట్టాడు. ఈ తిట్లకి ఎలా పెట్టాలో మాత్రం అతనికి తెలియలేదు.

"ఏడిస్తే అయిపోతుందా? టీవీలో నాలుగుసార్లు చూశాను. వాడు నీ వెనకే ఉన్నాడు, ఆఫ్‌సైడూ లేదు గాడిదగుడ్డూ లేదు!"

గడియ చటుక్కున తలెత్తాడు. "వెనకెక్కడున్నాడు? అడుగు ముందున్నాడు!"

"నోర్ముయ్!"

"ముయ్యను! మీరు కళ్ళజోడు పెట్టుకుని చూశారా అసలు?" అంటూ మంచి కుర్చీలోంచి లేచి, ఉప్పుడబ్బా తన ముందుకి లాక్కున్నాడు. "ఇది నేను. ఆ గరిటె వాడు. ఇటివ్వండి, ఎక్కడున్నాడో చూపిస్తాను."

మేస్త్రీ గరిటె ఇవ్వలేదు. గట్టిగా పట్టుకుని, "నువ్వు కాదు, నేను చూపిస్తాను," అంటూ తనూ లేచాడు. ఆడవాళ్ళిద్దరూ భోజనం కానిచ్చి చేతులు కడుక్కున్నా, వాళ్ళ వాదన తెగలేదు.