రాణి వేషం వదిలిన శేవంతాబాయి

మా కొల్హాపూర్‌లో మూకీ సినిమాలు తీసే రోజుల్లో రాణి అంటే శేవంతాబాయే. నేను ఆమె సింహాసనం పక్కన ఈటె పట్టుకుని నిలబడే భటుణ్ణి. ఆమె పుట్టింది పన్హాళా కోట కింద పల్లెలో, గేదెలు కాచుకునే ఇంట్లో. ముఖంలో మాత్రం రాచకళ ఉట్టిపడేది. యుద్ధానికి వెళ్లే రాజును సాగనంపుతూ ఆమె కన్నీరు కారిస్తే హాల్లో ఆడవాళ్లు కొంగులు తడుపుకునేవారు. ఆ కన్నీళ్ల మధ్య ఆమె పెదవులు ఏమంటున్నాయో పక్కనున్న మాకే తెలుసు.

"మీసం ఊడిపోతంది రాజా, కాస్త తలెత్తు."

మాట వినబడని సినిమా. ఎవరికి పట్టింది?

తర్వాత టాకీ వచ్చింది. మా దర్శకుడు నానాసాహెబ్ మైకు తెప్పించాడు, దాంతోపాటు పుణె నుంచి లేలే మాస్టారనే పంతుల్నీ రప్పించాడు. రోజూ పొద్దున్నే స్టూడియో వరండాలో శేవంతాబాయికి పాఠం.

"'ప్రాణేశ్వరా, ఈ విరహాగ్నిని నేనెట్లు సహింతును?' అనండి బాయీ."

"పానేసరా, ఈ ఇరగాగ్గిని నేనెట్టా సయింతును?"

మాస్టారు కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు.

"అయినా మాస్టారూ, మొగుడు పోతంటే ఎవరన్నా ఇట్టా మాట్టాడతారా? మీ ఆవిడ మాట్టాడుద్దా?"

"మా ఆవిడ నాతో మాట్లాడటమే తక్కువ," అన్నాడాయన దిగులుగా.

ఫ్యాన్లు ఆపి, కాకుల్ని తోలి, చెమటలు కక్కుతూ ఒక సీను తీశాం. కొన్నాళ్లకు దాన్ని తెర మీద వేసి చూపించారు. కిరీటం, కంటె, నత్తు, అన్నీ పెట్టుకున్న రాణి నోరు విప్పింది. ఆమె మీది గౌరవంతో ఎవరూ నవ్వలేదు. ముందు ఆమే నవ్వింది.

"ఈ రాణెవరో బావికాడ బిందె కోసం కొట్లాడే మా మేనత్తలా ఉందే."

అప్పుడు మేమూ నవ్వాం. కానీ ఆ సాయంత్రం ఆమె మేకప్ గదిలో చాలాసేపు ఒక్కతే కూర్చుంది. నేను తాంబూలం ఇస్తే తీసుకోలేదు.

మర్నాడు నేరుగా నానాసాహెబ్ దగ్గరికి వెళ్లింది.

"నానా, రాణి యేషం ఆ కొత్త పిల్ల సుమతికియ్యి. పాడుద్ది, మాట తీరుగుంటది. నాకు దాసి యేషం చాలు."

"నిన్ను రాణిగా చూసిన జనం ఊరుకుంటారా శేవంతా?"

"చూశారు, ఇనలేదుగా. దాసి పల్లెమాట మాట్టాడితే ఎవరూ తప్పట్టరు."

నానాసాహెబ్ తటపటాయించి, చివరికి సరేనన్నాడు. సుమతే వెనక్కి తగ్గింది.

"అక్కా, మీ కిరీటం నేను పెట్టుకోవడమేంటి?"

"పెట్టుకో తల్లీ. రేకుది, చెవులకాడ కోసుకుపోద్ది. దూది పెట్టుకో."

రాణి విరహంతో పాడి ఏడ్చాక దాసి వచ్చి, "మహారాణీ, భోజనమునకు వేళయినది" అనాలి. సుమతి పాడింది, నిజంగానే ఏడ్చింది. శేవంతాబాయి కంచం తెచ్చి పక్కన చతికిలబడింది. రాసిచ్చిన మాట అనలేదు.

"ముందు రెండు ముద్దలు తిను తల్లీ. ఏడవాలన్నా ఒంట్లో సత్తువుండొద్దా?"

సుమతి ఏడుస్తూనే ఫక్కున నవ్వి, ముద్ద అందుకుంది. సీను అయ్యాక నానాసాహెబ్ మాస్టారు వైపు చూశాడు.

"ఉండనివ్వండి," అన్నాడు లేలే మాస్టారు. "ఇది నేను రాయగలిగింది కాదు."

సినిమా విడుదలైంది. ఆ మాటకు హాలంతా నవ్వింది, ఆ నవ్వులోనే కళ్లు ఒత్తుకుంది. మహాద్వార్ రోడ్డులో తల్లులు మారాం చేసే పిల్లలకు అదే మాట చెప్పి తినిపించేవారు. తర్వాతి సినిమాలో ఆమె కోసమే ఊరి గొడవలన్నీ నెత్తినేసుకునే అత్త వేషం రాశారు; ఊరంతా ఆమెను అత్తా అనడం మొదలెట్టింది. ఆపైన పూటకూళ్లమ్మ, మంత్రసాని, గయ్యాళి వియ్యపురాలు. రాణిగా ఏలిన కాలానికి మూడింతలు అలా ఏలింది. ఇంట్లో రెండు గేదెల్ని పెట్టుకుని, పాలు పితికాకే షూటింగుకి వచ్చేది. నేనూ ఈటె వదిలి ఆమెకు మొగుడిగా, అన్నగా నాలుగు మాటల వేషాలకు ఎదిగాను.

ఒకసారి ఆమెతో కపిలతీర్థ్ మార్కెట్‌కి వెళ్లాను. కూరలమ్మే ముసలామె అటు తిరిగి మెంతికూర కడుగుతోంది.

"వంకాయలెట్టా ఇస్తన్నావే?" అంది శేవంతాబాయి.

ముసలామె చేతిలో కట్ట ఆగిపోయింది. తిరక్కుండానే అంది: "అత్తా, నువ్వేనా?"

వంకాయలు డబ్బు అడక్కుండా ఆమె కొంగులో పోసింది. శేవంతాబాయి వద్దనలేదు. కొత్తిమీర కూడా వెయ్యమంది.