గోడ చెయ్యెత్తితే

అతని అసలు పేరు క్లబ్బు కాగితాల మీద తప్ప ఇంకెక్కడా మిగల్లేదు. పద్నాలుగేళ్లు ఫుట్‌బాల్‌లో డిఫెండరుగా ఆడినవాణ్ని జనం గోడ అన్నారు, అదే నిలిచిపోయింది. ఆ పద్నాలుగేళ్లలో అతను కొట్టిన గోల్స్ రెండంటే రెండు. అందులో ఒకటి సొంత జట్టు మీదే. ఎవరైనా దెప్పితే, నాకు పక్షపాతం లేదు అనేవాడు. వాళ్లమ్మకు మాత్రం కొడుకు చేసే పని చివరిదాకా అంతుపట్టలేదు. ఆటంటే గోల్ కొట్టడం కదా, మనవాడేమిటి, ఎవడో పాపం కొడదామని ఆశగా వస్తే అడ్డం పడుతుంటాడు, ఉసురు తగలదూ అని పక్కింటావిడతో అనేదట.

గోడ పక్కన ఆడేవాణ్ని నీడ అన్నారు. వయసులో ఐదేళ్లు చిన్న. పదకొండేళ్లు ఇద్దరూ వెనక వరసలో పక్కపక్కనే నిలబడ్డారు. నీడకు ఒక అక్క ఉంది. ప్రాక్టీసులో తమ్ముడి కాలు బూరెలా వాచేట్టు తన్నినవాడెవడో నిలదీద్దామని ఒకరోజు ఆవిడ నేరుగా మైదానానికే వచ్చింది. నిలదీసింది. ఏడాది తిరక్కుండా ఆ తన్నినవాణ్నే పెళ్లి చేసుకుంది. అప్పట్నుంచీ నిలదీస్తూనే ఉందని గోడ చెప్పుకుంటాడు, ఆవిడ పక్కన లేనప్పుడు. ఆవిడకు కళ్లద్దాల షాపులో ఉద్యోగం. ఎదుటివాడికి ఏది కనిపించడం లేదో ఇట్టే కనిపెడుతుంది.

ఇక్కడ ఆఫ్‌సైడ్ సంగతి కాస్త చెప్పుకోవాలి, లేకపోతే కథ ముందుకు సాగదు. బంతిని తన్నే క్షణానికి ఎదుటి జట్టువాడు మన డిఫెండర్లందరినీ దాటిపోయి గోల్ వైపు ఉంటే ఆ ఆట చెల్లదు. అందుకని బంతి తన్నబోతుండగా డిఫెండర్లందరూ కలిసి చటుక్కున ఒక అడుగు ముందుకు వేస్తారు. దూసుకొచ్చేవాడు వెనక ఒంటరిగా మిగిలిపోతాడు. లైన్స్‌మన్ జెండా లేస్తుంది. అందరూ కలిసి వేస్తేనే సుమా. ఒక్కడు వేసి మిగతా ముగ్గురూ నిలబడిపోయారంటే ఆ సందులోంచి లారీ పోతుంది.

ఆ అడుగు ఎప్పుడు వేయాలో చెప్పడమే గోడ గొప్పతనం. కుడిచెయ్యి నిటారుగా లేపేవాడు, వరసంతా కదిలేది. అందరికంటే ముందు కదిలేది నీడ. తలతిప్పి చూసేవాడు కాదు, కంటి చివర చెయ్యి కనబడితే చాలు.

ఎంతటి గోడకైనా బీటలు రాక తప్పదు. ముప్పై ఐదో ఏట కుడిమోకాలు ఇక నావల్ల కాదని మొరాయించింది. గోడ ఆట మానేసి చిన్నపిల్లల జట్టుకు కోచ్ అయ్యాడు, ఆ తర్వాత పెద్ద జట్టులో మేనేజరు పక్కన మోతమోసే ఉద్యోగం చేశాడు. కోన్లు సర్దడం, చొక్కాలు లెక్కపెట్టడం, మేనేజరు తిట్టినవాళ్లను వెనక నుంచి వెళ్లి బుజ్జగించడం. ఐదేళ్లు అట్లా గడిచాక, జట్టు అట్టడుగుకు జారిపోతుండగా మేనేజరు సగం సీజన్లో చెప్పాపెట్టకుండా వేరే క్లబ్బుకు వెళ్లిపోయాడు. మునిగే పడవకు తెడ్డు పట్టేవాడు ఇంకెవడూ దొరక్క క్లబ్బు ప్రెసిడెంటు ఆ తెడ్డు గోడ చేతికిచ్చాడు.

గోడ ఆనందానికి పట్టపగ్గాల్లేవు. కొత్త కోటు కుట్టించుకున్నాడు. ఆటగాళ్లు ప్రాణం పెట్టారు, జట్టు రెండు మెట్లు పైకెక్కింది. అంతా బాగానే ఉంది గానీ, మూడు మ్యాచులు మాత్రం ఒకే తీరుగా చేజారాయి. ప్రతిసారీ నీడ ఒక్కడే హఠాత్తుగా ఒకడుగు ముందుకు వేయడం, మిగతా ముగ్గురూ తెల్లబోయి నిలబడటం, ఎదుటివాడు ఆ సందులోంచి దర్జాగా వెళ్లి గోల్ కొట్టి రావడం. నీడకు ముప్పై ఐదు దాటాయి. పేపర్లవాళ్లు ఊరుకుంటారా, వయసైపోయింది, చూపు ఆనడం లేదు, బావ మేనేజరు కాబట్టి నెట్టుకొస్తున్నాడు అని రాశారు. నీడ ఒక్క మాట బదులు చెప్పలేదు.

చివరికి శనివారం ఆట ఒక్కటే మిగిలింది. గెలవక్కర్లేదు, ఓడకపోతే చాలు, క్లబ్బు పై లీగులో ఉంటుంది. ఓడితే కింది లీగు, గోడ ఉద్యోగం గోవిందా. సోమవారం ప్రెసిడెంటు పిలిచి మీ బావమరిదిని కూర్చోబెట్టండి అన్నాడు. గోడ ఆటగాళ్లందరి ముందూ, ఆ మూడు గోల్సూ ఒక్కడి పుణ్యమేనని, శనివారం వాడు ఆడడని ప్రకటించాడు. నీడ తల వంచుకుని బూట్ల తాళ్లు విప్పుకున్నాడు. జీతం తీసుకుని ఆడే ఆట అతనికి శనివారందే ఆఖరిదని ఆ గదిలో అందరికీ తెలుసు. వచ్చే ఏడు ఎవరూ పిలవరు. పదహారేళ్లు ఆడినవాడు ముసలి గుడ్డివాడన్న పేరుతో ఇంటికి పోవాలి.

మర్నాడు పొద్దున గోడ చొక్కా ఇస్త్రీ చేసుకుంటూ, బెదురుతూ బెదురుతూనే ఆ సంగతి భార్య చెవిన వేశాడు. పిడుగు పడుతుందనుకున్నాడు. పడలేదు. ఆవిడ తాపీగా టీ తాగి గ్లాసు కింద పెట్టింది.

"బావమరిది బతకగోరతాడని సామెత చెప్పారు గానీ బావ సంగతి ఎవరూ చెప్పలేదు. ఇందుకేనన్నమాట" అంది.

గోడ ఉలుక్కుని, ఇది ఇంటి వ్యవహారం కాదని, ఆట సంగతులు ఆటవాళ్లకే తెలుస్తాయని, మూడుసార్లు వాడు ఎందుకు ముందుకొచ్చాడో ఆ దేవుడికే తెలియాలని ఏకరువు పెట్టాడు.

"నాకు తెలుసు" అంది ఆవిడ. "నేను ఆటకొచ్చి బంతిని చూడను. ఎప్పుడూ చూళ్లేదు. మిమ్మల్నే చూస్తాను. ఆ మూడుసార్లూ మైదానం గీత పక్కన నిలబడి మీరు చెయ్యెత్తారు."

గోడ గట్టిగా నవ్వాడు. ఆ నవ్వు సగంలోనే ఆగింది. ఇస్త్రీపెట్టె కింద చొక్కా కమురు వాసన వచ్చింది.

ఉన్నపళంగా క్లబ్బుకు పోయి వీడియోలు పెట్టించాడు. మ్యాచులన్నీ అంతకుముందే పదిసార్లు చూశాడు గానీ ప్రతిసారీ బంతినీ డిఫెండర్లనూ చూశాడే తప్ప తెర అంచున కోటు వేసుకుని నిలబడ్డ పెద్దమనిషిని చూడలేదు. ఇప్పుడు చూశాడు. బంతి లేవబోతుండగా పెద్దమనిషి చెయ్యి ఠక్కున పైకి లేచింది. అరక్షణం తర్వాత నీడ అడుగు ముందుకు పడింది. మిగతా ముగ్గురూ కొత్త కుర్రాళ్లు, గోడతో ఎప్పుడూ ఆడనివాళ్లు, వాళ్లకా చెయ్యి ఒక లెక్క కాదు. రెండో గోలూ అంతే. మూడోదీ అంతే. ఐదేళ్ల కిందట ఆట మానేశాననుకున్నాడు గోడ. మోకాలు మానేసింది గానీ చెయ్యి మానలేదు.

సిగ్గుతో చితికిపోయాడు. నీడ ఎక్కడున్నాడో వెతుక్కుంటూ వెళ్లాడు. నీడ జిమ్ములో ఒక్కడే కూర్చుని సైకిలు తొక్కుతున్నాడు.

"నీకు తెలుసా?" అని అడిగాడు గోడ.

"మొదటిసారే తెలిసింది బావా."

"మరి నాతో చెప్పి ఏడవచ్చు కదరా! అందరి ముందూ నిన్ను అన్నేసి మాటలంటుంటే నోట్లో బెల్లంముక్క పెట్టుకుని కూర్చుంటావా?"

నీడ సైకిలు ఆపాడు. "చెబితే చెయ్యెత్తడం మానేస్తావు. పదకొండేళ్లు ఆ చెయ్యి చూసి ఆడినవాణ్ని. అది లేకుండా నాకు ఆట వచ్చో రాదో నాకే తెలీదు. తెలుసుకోవాలంటే భయమేసింది."

గోడ కూడా పక్క సైకిలెక్కి కాసేపు ఊరికే తొక్కాడు, మోకాలు వద్దని మొత్తుకుంటున్నా.

చెప్పకుండా దాటేయవచ్చు. ప్రెసిడెంటుకు తెలియదు, పేపర్లకు తెలియదు, ఇంట్లో ఒక్కరికీ, నీడకూ తప్ప ఎవరికీ తెలియదు. ఒక పూటంతా గోడ ఆ దారి కూడా తొక్కి చూశాడు, దాచడం ఎందుకు. బుధవారం మాత్రం ప్రెసిడెంటునూ ఆటగాళ్లనూ ఒకే గదిలో కూర్చోబెట్టి ఆ వీడియో వేసి, మూడు గోల్సూ నావే అన్నాడు. సోమవారం అన్న మాటలన్నీ వెనక్కి తీసుకుంటున్నానన్నాడు. నీడ శనివారం ఆడతాడన్నాడు. తెర మీద మూడోసారి చెయ్యి లేచేసరికి గోల్‌కీపరు కిసుక్కుమన్నాడు, ఇక అందరూ పడీపడీ నవ్వారు.

ప్రెసిడెంటు నవ్వలేదు. అయితే కూర్చోబెట్టాల్సింది మిమ్మల్నన్నమాట అన్నాడు. గోడ కూడా అదే అన్నాడు. శనివారం తాను గీత దగ్గర నిలబడననీ, నీడ కంటికి ఆనని చోట, జనంలో పైవరసలో కూర్చుంటాననీ, కింద గోల్‌కీపర్ల కోచ్ చూసుకుంటాడనీ చెప్పాడు. మేనేజరు లేకుండా చివరాట ఆడే జట్టును ఎక్కడైనా చూశామా అని ప్రెసిడెంటు తల పట్టుకున్నాడు. సరే, ఓడితే మాత్రం పైవరస నుంచి అటే ఇంటికి వెళ్లిపొమ్మన్నాడు.

శనివారం గోడ పైవరసలో భార్య పక్కన కూర్చున్నాడు. చేతులు ఊరికే ఉండవని ఆవిడ తన హ్యాండ్‌బ్యాగ్ అతని ఒళ్లో పెట్టి, రెండు చేతులతో పట్టుకోమంది. పెళ్లయిన ఇన్నేళ్లకు మొదటిసారి చెప్పినట్టు విన్నాడు.

ఆట మొదలయ్యాక అతనికి లోకమే కొత్తగా కనిపించింది. పైనుంచి చూస్తే అంతా తేటగా ఉంది. కింద నిలబడినప్పుడు కనబడని ఖాళీలు, సందులు, పిల్లలు చేసే తప్పులు అన్నీ కనిపిస్తున్నాయి. నీడ మొదటి పావుగంట తడబడ్డాడు. రెండుసార్లు గీత వైపు చూశాడు. అక్కడ పొట్టి కీపర్ల కోచ్ గోళ్లు కొరుక్కుంటున్నాడు, అంతే. ఆ తడబాటులోనే ఎదుటివాళ్లు గోల్ కొట్టారు. చుట్టూ జనం నీడను తిట్టారు. గోడ బ్యాగును గట్టిగా అదిమిపట్టుకుని, ఒరేయ్, ఒరేయ్ అని గొణిగాడు. భార్య పెదవి కొరుక్కోవడం అతను చూశాడు. తమ్ముడు కదా మరి.

విరామం తర్వాత నీడ గీత వైపు చూడటం మానేశాడు. నోరు తెరిచాడు. పదహారేళ్లలో మైదానంలో గట్టిగా మాట్లాడని మనిషి కుర్రాళ్లను పేరుపేరునా పిలిచి నువ్వటు, నువ్విటు అని అరవడం మొదలుపెట్టాడు. గొంతు పైవరసదాకా వినిపించింది. అరగంట గడిచేసరికి మనవాళ్లు గోల్ తిరిగి కొట్టారు. ఒకటి ఒకటి. ఇంక ఇట్లాగే ఆగితే చాలు.

ఆఖరి నిమిషం. ఎదుటి జట్టువాడు మధ్యలోంచి పొడుగ్గా తన్నడానికి కాలెత్తాడు, వాళ్లలో అందరికంటే వేగమైనవాడు నీడ భుజం పక్కనుంచి దూసుకెళ్లబోతున్నాడు. గోడకు ఒళ్లు తెలియలేదు. చెయ్యి లేచింది. చేతిలో బ్యాగుతో సహా లేచింది. తాళాలు, దువ్వెన, కళ్లద్దాలు తుడిచే గుడ్డలు ముందు వరసలో బట్టతలాయన నెత్తిమీద పడ్డాయి.

నీడ ముందుకు రాలేదు. వెనక్కి తిరిగి, తనకంటే పదేళ్లు చిన్నవాడి పక్కన రొప్పుతూ పరిగెత్తి, గోల్ ముందరి పెట్టె గీత దగ్గర కూలబడుతూ బంతిని జనంలోకి తన్నాడు. విజిల్ మోగింది.

గోడ చెయ్యి ఇంకా గాల్లోనే ఉంది. అప్పుడు చూశాడు, ఆ చివర కుడివైపు కుర్రాడు బూటు తాడు ఊడి గోల్ వైపు నాలుగడుగులు వెనకే ఉండిపోయాడు. నీడ గనక ముందుకొచ్చి ఉంటే జెండా లేచేది కాదు. గోలే. గోడ లెక్క తప్పింది. ముసలి గుడ్డివాడనిపించుకున్నవాడి లెక్క తప్పలేదు. గోడకు నవ్వొచ్చింది, నవ్వుతుంటే కళ్లలో నీళ్లు తిరిగాయి, భార్య అప్పటికే ఏడుస్తోంది.

మెట్లు దిగి మైదానంలోకి వెళ్లేసరికి కుర్రాళ్లు నీడను భుజాలకెత్తి దించుతున్నారు. ప్రెసిడెంటు ఎదురొచ్చి వచ్చే ఏడు గురించి ఏదో అనబోయాడు. గోడ ఆగకుండా నీడ దగ్గరికి వెళ్లాడు. ఎప్పటికైనా చెప్పక తప్పని మాట ఇప్పుడే చెప్పేద్దామనుకున్నాడు.

"ఒరేయ్, ఆ చివరి బంతికి పైన నేను చెయ్యెత్తాను."

నీడ మోకాళ్ల మీద చేతులు ఆనించి, ఊపిరి కూడదీసుకున్నాడు.

"ఎత్తుంటావని నాకు తెలుసు బావా. అందుకే వెనక్కి పరిగెత్తాను."