పర్వాలేదు పిన్ని

ఆ రోజు ఆ ఇంట్లో నలుగురున్నారు. ముందుగదిలో కుట్టుమిషను దగ్గర టైలరు. లోపలిగదిలో మంచం మీద, కడుపుకి ఆపరేషనై ఐదు రోజుల క్రితం ఇంటికొచ్చిన ఆయన భార్య. ఆమె తల దగ్గర కూర్చుని తల్లి జుట్టు చిక్కు తీస్తున్న కూతురు. ఆ అమ్మాయి మేజోళ్ళ ఫ్యాక్టరీలో పని చేస్తుంది, ఆ రోజు సెలవు. నాలుగో మనిషి నర్సు. ఆమె ఆ ఇంటి మనిషి కాదు. అయినా వస్తూనే నేరుగా వంటగదిలోకి వెళ్ళి చేతులు కడుక్కుని, కొక్కేనికున్న తువ్వాలుతో తుడుచుకునేంత చనువుంది. ఆపరేషన్లయి ఇళ్ళకు చేరినవాళ్ళను రోజు విడిచి రోజు చూసి రావడం ఆమె ఉద్యోగం.

"ఎలా ఉంది పిన్నీ?" అంది నర్సు మంచం అంచున కూర్చుంటూ.

"పర్వాలేదమ్మా."

"నీ పర్వాలేదు సంగతి నాకు తెలీదా! ఏదీ, ఆ దుప్పటి కాస్త పక్కకి జరుపు."

ముందుగదిలో మిషను ఆగింది. "తల తెగి చేతిలోకొచ్చినా పర్వాలేదనే అంటుంది నర్సమ్మా అది," అన్నాడు టైలరు అక్కడినుంచే. "పెళ్ళికి ముందు నన్ను చూసి కూడా ఆ మాటే అందట. ముప్పయ్యేళ్ళయింది. అది మెచ్చుకోవడమో ఓర్చుకోవడమో ఇప్పటికీ నాకు అంతుచిక్కలేదు."

"ఓర్చుకోవడమే," అంది భార్య. నవ్వొస్తే కుట్లు లాగుతాయని రెండు చేతులతో పొట్ట పట్టుకుని మరీ నవ్వింది.

ఆసుపత్రిలో నర్సులంతా ఆమెకు పర్వాలేదు పిన్ని అని పేరు పెట్టారు. ఆ మాటను ఆమె ఎన్ని రకాలుగా అంటుందో ఈ నర్సుకు బాగా తెలుసు. నిజంగా బాగుంటే మాట చటుక్కున వచ్చేస్తుంది, ఆ ఊపులోనే "మీ పిల్లలెలా ఉన్నారు?" అని ఎదురు ప్రశ్న కూడా వేస్తుంది. కాస్త నొప్పిగా ఉంటే చివర "మ్మా" సాగుతుంది. బొత్తిగా బాగాలేనప్పుడు మాత్రం ముందు చిన్నగా ఊపిరి పీల్చుకుని, ఒక్క క్షణం ఆగి, బడిలో హాజరు పలికే పిల్లలాగా ఒక్కో అక్షరం స్పష్టంగా పలుకుతుంది. ఇది ఏ పుస్తకంలోనూ లేదు. ఆసుపత్రిలోనూ ఈ ఇంట్లోనూ ఆమె మంచం అంచున కూర్చుని కూర్చుని నర్సు నేర్చుకున్న చదువు.

ఆ రోజు "మ్మా" సాగింది. నర్సు పట్టీ విప్పి చూస్తే, ఒక కుట్టు చుట్టూ చర్మం ఎర్రబడి ఉంది. తుడిచి, మందు రాసి, కొత్త పట్టీ వేసి, వేడి చూసి, రెండు రకాల మాత్రలు కూతురి చేతిలో పెట్టింది. అప్పుడు చెప్పింది.

"రేపటినుంచి నేను రాను పిన్నీ. ఎవ్వరమూ రాము. రోజూ పొద్దున పదింటికి ఫోను మోగుతుంది. ఒక అమ్మాయి గొంతు ఎలా ఉందని అడుగుతుంది. బాగాలేదంటే ఆసుపత్రివాళ్ళే బండి పంపిస్తారు."

"ఆ అమ్మాయి కుట్లు చూస్తుందా అక్కా?" అంది కూతురు.

"అమ్మాయి కాదే. మిషను."

"మిషనంటే నాకు నమ్మకమే," అన్నాడు టైలరు. "కాకపోతే నా మిషను నేను కాలు పెడితేనే కదులుతుంది. దానికి కాలెవరు పెడతారట?"

అందరూ నవ్వారు. నర్సు నవ్వలేదు. "దాంతో నిజం చెప్పు పిన్నీ. నొప్పంటే నొప్పి అను," అంది. ఇంకొక మాట కూడా చెప్పాలనుకుంది. నోటిదాకా వచ్చింది. కూతురి చేతిలో మాత్రలు చూసి, మిషను దగ్గర నవ్వుతున్న టైలరును చూసి, మింగేసింది. సంచీ భుజాన వేసుకుని లేచింది.

ఆమె మింగేసిన మాటేమిటో చెప్పాలంటే మూడు నెలలు వెనక్కి వెళ్ళాలి.

ఆసుపత్రి కింది అంతస్తులో, ఉతికిన దుప్పట్లు పేర్చే గది పక్కన ఒక చిన్న గది ఖాళీ చేయించి ఐదు కంప్యూటర్లు పెట్టారు. ఇళ్ళకు వెళ్ళే నర్సులు తొమ్మిదిమంది ఉండేవారు. అప్పటికే నలుగురిని రావద్దన్నారు. మిగిలిన ఐదుగురు పొద్దున ఇక్కడ కూర్చోవాలి, మధ్యాహ్నం ఇళ్ళకు వెళ్ళాలి. చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకుంటే, ఫోనులో రికార్డు చేసిన రోగుల గొంతులు వినిపిస్తాయి. తెరమీద రెండు గళ్ళుంటాయి. పచ్చగడి మీద "బాగుంది" అని, ఎర్రగడి మీద "బాగాలేదు" అని రాసి ఉంటుంది. గొంతు విని ఏదో ఒకటి నొక్కాలి. ఇలా నొక్కగా నొక్కగా మిషనుకు రోగుల మాటలు అర్థమవుతాయన్నారు.

మొదటివారంలోనే నర్సుకు చిక్కొచ్చిపడింది. ముగ్గురిలో ఒకరు "పర్వాలేదు" అంటున్నారు. ఆమె లేచి అద్దాల సారు దగ్గరికి వెళ్ళింది. కళ్ళకొక జత, నెత్తిమీదొక జత కళ్ళద్దాలుంటాయని ఆ పెద్ద ఉద్యోగికి అందరూ పెట్టిన పేరది.

"సార్, ఈ మాట ఏ గడిలో వెయ్యాలి?"

"పర్వాలేదంటే అర్థమేంటమ్మా?"

"అనేవాళ్ళని బట్టి సార్. కొందరు బాగుండే అంటారు. కొందరు ప్రాణం పోతున్నా, మనల్ని ఇబ్బంది పెట్టడం ఎందుకని అంటారు."

"ఒకే మాటకి రెండర్థాలు పెట్టుకుని కూర్చుంటే పని తెమలదమ్మా."

"అయితే మూడో గడి పెట్టించండి సార్. మనిషి వెళ్ళి చూడాలి అని."

అద్దాల సారు నవ్వాడు. చెడ్డవాడేం కాదు. ఆసుపత్రిలో ఎవరికి ఇబ్బందొచ్చినా సెలవిప్పించే మనిషి. "మనిషి వెళ్ళి చూడక్కర్లేకుండా ఉండాలనే కదమ్మా ఇదంతా తెచ్చింది?" అన్నాడు. "పచ్చగడిలో వెయ్యి. ఇంకొకటి, ఈ గదిలో పని గురించి బయట మాట్లాడకూడదని సంతకం పెట్టారు, గుర్తుందిగా?"

ఆమె వచ్చి కూర్చుని పచ్చగడి నొక్కింది. మొదటి రోజు నొక్కినప్పుడల్లా వేలు వెనక్కి లాగినట్టుండేది. నెల తిరిగేసరికి వేలికి అలవాటైపోయింది. మూడు నెలల్లో అలా ఎన్ని వేలసార్లు నొక్కిందో ఆమెకు తెలియదు.

చదువుతున్నవారికి ఆమె మీద కోపం రావచ్చు. రావాలి కూడా. కానీ ఒక్కసారి ఆమె కుర్చీలో కూర్చుని చూడండి. పక్క కుర్చీలు ఖాళీ అవుతుంటే, ఇంట్లో ఇద్దరు పిల్లలుంటే, పైనున్నవాళ్ళు చిరునవ్వుతో చెప్పిన పనిని చెయ్యనని లేచి నిలబడేవాళ్ళు ఎంతమంది? తప్పులన్నీ కోపంతోనో దురాశతోనో జరగవు. చాలా తప్పులు మర్యాదగా, కుర్చీలో కూర్చునే జరిగిపోతాయి.

ఇళ్ళకు వెళ్ళడం మానేశాక నర్సు రోజంతా ఆ గదిలోనే ఉండేది. టైలరింటికి వెళ్ళొస్తే బాగుండునని చాలాసార్లు అనిపించింది. వెళితే ఆ మింగిన మాట చెప్పక తప్పదు. అందుకని వెళ్ళలేదు. ఇప్పుడామె పని మిషను సరిగ్గా గుర్తిస్తోందో లేదో చూడటం. రెండువారాల కిందటి ఫోన్లలోనుంచి కొన్ని ఏరి పంపుతారు. పేర్లుండవు, నంబర్లే.

మూడు వారాలు గడిచాక ఒక మధ్యాహ్నం, మిషను పచ్చగా గుర్తించిన ఒక గొంతు వినిపించింది. ముందు దూరంగా కుట్టుమిషను చప్పుడు. అది ఆగింది. చిన్నగా ఊపిరి పీల్చిన చప్పుడు. ఒక్క క్షణం ఏమీ లేదు. తర్వాత, హాజరు పలికినట్టు, "పర్వాలేదమ్మా."

నర్సు ఆ నంబరుతో ఇంకేమున్నాయో వెతికింది. అదే నంబరుది మరుసటిరోజు ఫోను కూడా ఉంది. అదే మాట. ఊపిరి ఇంకాస్త పొడుగు. ఆ తర్వాతిరోజుదీ ఉంది. ఊపిరికీ మాటకీ మధ్య ఎంత ఖాళీ ఉందంటే, ఆ ఖాళీలో ఒక మనిషి లేచివెళ్ళి ఆమె నుదుటిమీద చెయ్యి వేసి రావచ్చు. మూడూ పచ్చగానే ఉన్నాయి.

ఆమె ఎర్రగడి నొక్కింది. తెరమీద ఎప్పుడూ చూడని అక్షరాలు కనిపించాయి. "ఇదే మాటను మీరు ఇంతకుముందు 4,112 సార్లు 'బాగుంది' అని గుర్తించారు. ఇప్పుడు పొరపాటున నొక్కారా?"

కాదు అని నొక్కింది. ఏమీ కాలేదు. వేరెవరిదో గొంతు మొదలైంది.

హెడ్‌ఫోన్లు బల్లమీద పడేసి అద్దాల సారు గదికి పరుగెత్తింది. "ఈ నంబరు మనిషి ఎలా ఉంది సార్? ఇప్పుడెలా ఉంది?"

ఆయన వెతికాడు. "ఫైలు మూసేశారమ్మా."

"మూసేశారంటే?"

"కోలుకుంటే మూస్తారు. లేకపోతే..." ఆయన నెత్తిమీది కళ్ళద్దాలు తీసి తుడిచాడు. "ఎందుకు మూశారో నా తెరలో కనపడదు."

"సార్, అది తప్పు చెప్తోంది. నేనే నేర్పాను తప్పు. ఇప్పుడు దిద్దాను, ఎర్ర నొక్కాను."

"ఒక్కటి నొక్కితే మారదమ్మా. అది ఎక్కువసార్లు చెప్పిన మాటే వింటుంది."

నర్సు సెలవు కూడా అడగకుండా బయటికొచ్చింది. బస్సు రాలేదు. నడిచింది. దారంతా ఒకటే అనుకుంది, కోలుకుంటే కూడా మూస్తారు, కోలుకుంటే కూడా మూస్తారు. గట్టి మనిషి పిన్ని. ఈపాటికి ముందుగదిలో కూర్చుని గుండీలు కుడుతూ ఉంటుంది. వెళ్ళగానే చెప్పెయ్యాలి, ఆ మాట మాత్రం ఫోనులో అనకు పిన్నీ, దానికి ఆ మాట అర్థం కాదు అని.

ముందుగది కిటికీలోనుంచి కుట్టుమిషను కనిపించింది. దానిమీద దుప్పటి కప్పి ఉంది. తలుపు తీసింది కూతురు. ఫ్యాక్టరీకి వెళ్ళవలసిన రోజున ఇంట్లో ఉంది.

"పిన్ని?" అంది నర్సు.

కూతురు పక్కకి జరిగింది. వెనక గోడమీద పిన్ని ఫోటోకి దండ వేసి ఉంది.

ఆ అమ్మాయే మాట్లాడింది. ఏడుపేమీ లేదు, అప్పచెప్పిన పాఠంలా చెప్పుకుపోయింది. "రోజూ ఫోనొచ్చేది. పర్వాలేదమ్మా అనేది. నిజం చెప్పవే అంటే, పాపం ఆ పిల్ల ఎన్ని ఇళ్ళకి చెయ్యాలో, ఊరికే విసిగించడం దేనికే అనేది. మిషనమ్మా అది అంటే, మిషనైతే మాత్రం, అంత మర్యాదగా అడుగుతోందిగా అనేది. ఎనిమిదో రోజుకి ఒళ్ళు కాలిపోయింది. మీ నంబరుకి చేశానక్కా."

"ఆ ఫోను ఆసుపత్రివాళ్ళు వెనక్కి తీసేసుకున్నారు."

"తెలుసు. అందులోనూ ఆ మిషను గొంతే పలికింది. అప్పుడు అమ్మని ఆసుపత్రికి తీసుకెళ్ళాం. కిటికీ దగ్గరావిడ తెర చూసి, వారంనుంచీ అన్నీ పచ్చగానే ఉన్నాయి, ఎర్రవాళ్ళే లోపల పట్టట్లేదు అంది. మీ తెర కాదు, అమ్మని చూడండి అన్నాను. సరే, మీరే చెప్పండమ్మా, ఎలా ఉంది అని అమ్మనే అడిగింది. వెనకాల అంత పెద్ద వరస. అందరూ మమ్మల్నే చూస్తున్నారు. అమ్మ ఏమంటుంది?"

నర్సు తలొంచుకుంది.

"తిరిగొచ్చేశాం. పదో రోజు పొద్దున ఫోను మోగుతూనే ఉంది. అమ్మ ఎత్తలేదు. నేనెత్తితే, రోగిని మాట్లాడమనండి అంది. అమ్మ ఇంక మాట్లాడలేదంటే, సాయంత్రం మళ్ళీ చేస్తాం అని పెట్టేసింది."

వీధిలో ఎవరో సైకిలు గంట కొట్టుకుంటూ పోయారు. నర్సుకు ఇంక వెళ్ళిపోవాలనిపించింది. వెళ్ళలేకపోయింది. "దానికి ఆ మాట నేర్పింది నేనే," అంది. "ఆ మాట వస్తే బాగున్నట్టని నేనే నొక్కాను."

కూతురు అర్థం కానట్టు చూసింది. తర్వాత అర్థమైంది. "ఎప్పుడు?"

"ముందే. మూడు నెలలు."

"ఆ రోజు ఇక్కడ కూర్చుని అమ్మ కుట్లు తుడుస్తున్నప్పుడు తెలుసా మీకు?"

"తెలుసు."

"నిజం చెప్పు పిన్నీ అన్నప్పుడు తెలుసా?"

"తెలుసు. చెప్దామనే..." ఆగిపోయింది. "రేపు వెళ్ళి మళ్ళీ అడుగుతాను. పెద్దవాళ్ళందరికీ చెప్తాను. మార్పిస్తాను."

"మారుస్తారా?"

ఒక్కటి నొక్కితే మారదన్న మాట నర్సుకు గుర్తొచ్చింది. అబద్ధం చెప్పే ఓపిక కూడా లేదు.

"ఆ మిషను మీద నాకు కోపం లేదక్కా," అంది కూతురు నెమ్మదిగా. "దానికి చెప్పిందే వచ్చు. మనుషులు నొప్పి ఎలా దాచుకుంటారో దానికెలా తెలుస్తుంది? మీకు తెలుసు. ఇంటింటికీ తిరిగి నేర్చుకున్నారు. తెలిసినవాళ్ళే నోరు మూసుకుని వాళ్ళు చూపించిన గడి నొక్కేస్తే, ఎంత తెలివైన మిషను తెచ్చినా అది మాలాంటివాళ్ళని చంపుతుంది. చంపినట్టు ఎక్కడా రాసి కూడా ఉండదు."

లోపలినుంచి టైలరు గొంతు వినిపించింది. "ఎవరే అమ్మాయ్, వాకిట్లో?"

కూతురు నర్సు మొహంలోకి ఒకసారి చూసింది.

"ఎవరూ కాదు నాన్నా," అని తలుపు వేసేసింది.