మేజిస్ట్రేటు ముందు విప్పిన సంచి

గుమ్మానికి అంటించిన కాగితాన్ని కారం మిల్లాయన నాలుగుసార్లు చదువుకున్నాడు. మిల్లు దుమ్ముతో వీధి జనం ఊపిరాడక చస్తున్నారట. పదిహేను రోజుల్లో మిల్లు అక్కణ్ణుంచి తీసెయ్యాలి, లేదంటే ఎందుకు తీయనక్కర్లేదో మేజిస్ట్రేటు ముందుకు వచ్చి చెప్పుకోవాలి. ఫిర్యాదు చేసింది ఎదురింటి దర్జీ అమ్మాయి. కింద పంతొమ్మిది సంతకాలు.

ఇరవై రెండేళ్ళ మిల్లు. యంత్రం కాళ్ళు సిమెంటులో దిగిపోయి ఉన్నాయి, ఆయన కాళ్ళూ అంతే. ఎందుకైనా మంచిదని ఊరి చివర మూడు షెడ్లు చూసొచ్చాడు. మూడు చోట్లా ఒకటే మాట: "పిండి మిల్లైతే రేపే వచ్చెయ్. కారమా? దండం బాబూ, వద్దు."

ఇక మిగిలింది వాయిదా ఒక్కటే. దుమ్ము బయటికి పోయే గొట్టానికి మందపాటి గుడ్డసంచి కట్టి మిల్లు నడిపాడు. సంచి పొట్ట ఉబ్బేసరికి ఆయనకు ప్రాణం లేచొచ్చింది.

వాయిదా నాడు ఆ సంచినే భుజానికెత్తుకున్నాడు.

"అదెందుకండీ? నోటితో చెబితే చాలదూ?" అంది భార్య, కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుని.

"నీకేం తెలుసే! సరుకు కంటికి కనబడకుండా ఎవడు బేరం తెంచుతాడు?"

మేజిస్ట్రేటు గది ఇరుకు. పైన ఫ్యాను గిరగిరా తిరుగుతోంది. బల్లకు ఒక పక్క దర్జీ అమ్మాయి, ఇంకో పక్క ఈయన, మూలన గుమస్తా.

"అయ్యా, ఇదివరకటి సంగతి వేరు. ఇప్పుడు చిటికెడు కూడా బయటికి పోదు. మీరే చూడండి," అంటూ సంచి మూతి తాడు లాగేశాడు.

ఇన్నేళ్ళూ ఆ ఘాటులోనే బతికిన ముక్కు, ఆయనకేమీ తెలియలేదు. ముందు గుమస్తా తుమ్మాడు. తర్వాత దర్జీ అమ్మాయి గోడకు ఆనుకుని దగ్గసాగింది. మేజిస్ట్రేటు కళ్ళజోడు తీసి కళ్ళు నులుముకుని, అది ఇంకా పెద్ద పొరపాటని తెలుసుకున్నాడు.

"ఫ్యాను ఆపవయ్యా! నువ్వు అది మూసెయ్యి!"

కాసేపటికి మేజిస్ట్రేటు నీళ్ళు తాగి అడిగాడు. "ఎన్నాళ్ళకు నిండింది ఇది?"

బేరం తనవైపు తిరిగిందనుకున్నాడు మిల్లాయన. "నాలుగే నాలుగు రోజులండి!"

"మరి సంచి కట్టకముందు ఇదంతా ఎటు పోయేది?"

నాలుగు రోజులకు ఒకటి చొప్పున ఇరవై రెండేళ్ళకు ఎన్ని సంచులో మిల్లాయన బుర్ర తనంతట తానే లెక్క కట్టేస్తోంది. ఆపుదామన్నా ఆగడం లేదు. రెండు వేలు దాటింది.

"ఇకమీదట సంచి ఉంటుంది కదండీ..."

"నిండాక ఎక్కడ దులుపుతావు?"

"మిల్లు వెనక సందులోనండి," అనేశాడు. ఆలోచించుకునే తీరిక దొరకలేదు.

మేజిస్ట్రేటు కలం అందుకున్నాడు. నెల రోజుల్లో ఇళ్ళ మధ్య నుంచి మిల్లు తీసెయ్యాలి. ఉత్తర్వు ఖాయం.

"అయ్యా, అరవై దగ్గర పడ్డాయండి నాకు. ఇంకో పని చేతకాదు. కారానికి ఎవరూ చోటివ్వడం లేదు. మీ కాళ్ళు పట్టుకుంటాను..."

గుమస్తా ముక్కు తుడుచుకుంటూ తర్వాతి వాళ్ళను పిలిచాడు.

సంచి మూతి కట్టబోతే తాడు జారిపోతోంది. దర్జీ అమ్మాయి వచ్చి, ఎర్రబడ్డ కళ్ళతోనే రెండు చుట్లు చుట్టి ముడి బిగించింది.

"తీసుకెళ్ళు బాబాయ్."

"ఎక్కడికి తీసుకెళ్ళనమ్మా?"

ఆ పిల్ల పక్కకు జరిగి దారిచ్చింది.

సంచి ఎత్తుకుని మెట్లు దిగాడు. వీధిలో నిలబడి అటు చూశాడు, ఇటు చూశాడు. అన్నివైపులా ఇళ్ళే.